మినిట్స్ బుక్కులో నా సంతకం

జీతాల బిల్లు వెనక్కి వచ్చింది. గోదావరి పుష్కరాలు అయిన మరుసటి ఏడాది, 2016 ఆగస్టు. బిల్లుకి గుచ్చిన చీటీ మీద ఒకే వాక్యం ఉంది: ‘కరస్పాండెంట్ ఎవరో తేల్చుకుని తిరిగి పంపవలెను.’ హెడ్మాస్టారు దాన్ని స్టాఫ్ రూములో అందరికీ చూపించి, “మనకి ఇప్పుడు ఇద్దరున్నారండి” అన్నారు. ఎవరూ నవ్వలేదు. ఆ వారంలోనే ఇద్దరు కరస్పాండెంట్లు విద్యాశాఖ ఆఫీసుకి రెండు ఉత్తరాలు పంపారు. రెండిటి మీదా మా స్కూలు పేరుతో గుండ్రటి సీలే. రెండు సీళ్ళూ అమలాపురంలో ఒకే కొట్లో చేయించారని తర్వాత తెలిసింది. కొట్టాయన్ని అడిగితే, “ఒకటి పోయిందేమో అనుకున్నానండి” అన్నాడట.

నేను అప్పటికి ముప్ఫై రెండేళ్ళుగా ఆ స్కూల్లో సోషల్ చెబుతున్నాను. ఊరి పేరు, స్కూలు పేరు రాయను. కోనసీమలో, పంట కాలవ పక్కన, చుట్టూ కొబ్బరి చెట్లున్న ఎయిడెడ్ హైస్కూలు అనుకోండి చాలు. ఎయిడెడ్ అంటే బయటివాళ్ళకి సరిగ్గా తెలియదు. స్థలం, భవనం, యాజమాన్యం ప్రైవేటువి. జీతాలు ప్రభుత్వానివి. ఆ రెండిటికీ మధ్య, యాజమాన్యం తరఫున, కరస్పాండెంట్ అనే ఒక మనిషి, ఆయన చేతిలో ఒక సీలు. ఆయన సంతకం లేకపోతే బిల్లు కదలదు, సెలవు కదలదు, పెన్షను కాగితం కదలదు. ఆయన ఎవరో తెలిసినంతకాలం ఈ ఏర్పాటు గురించి ఎవరూ ఆలోచించరు.

మా స్కూలుని నడిపే సొసైటీ 1950లో రిజిస్టరైంది, 1860 నాటి పాత సొసైటీల చట్టం కింద. ఊళ్ళో ఒక పెద్ద రైతు స్థలం ఇచ్చాడు. ఆయనే మొదటి కరస్పాండెంట్. ఆయన తర్వాత ఆయన కొడుకు. ఎన్నిక జరిగిందా అంటే, కాగితం మీద జరిగింది. ఎవరూ కాదనలేదు, ఆయనా మంచివాడే. పంద్రాగస్టుకి జెండా ఎగరేసి, పిల్లలకి బిళ్ళలు పంచి వెళ్ళిపోయేవాడు. 1996 నవంబరు తుపానుకి పెంకులన్నీ ఎగిరిపోతే సొంత డబ్బుతో రెండు గదులకి రేకులు వేయించాడు. ఇది ఎందుకు చెబుతున్నానంటే, తర్వాత కోర్టులో ఆ కుటుంబాన్ని దొంగల్లా చిత్రించారు. అది నాకు నచ్చలేదు.

ఆయన 2015లో పోయారు. కొడుకు హైదరాబాదు నుంచి వచ్చాడు. ఊళ్ళో అందరూ చినబాబు అంటారు. నా దగ్గరే పదో తరగతి చదివాడు. పన్నెండో రోజు భోజనాలయ్యాక నన్ను పక్కకి పిలిచి, “మాస్టారూ, ఇక స్కూలు సంగతి నేను చూసుకుంటాను” అన్నాడు. సరే బాబూ అన్నాను. ఆ రోజు అదే మర్యాద అనిపించింది.

రెండో వర్గానికి పెద్ద రైసు మిల్లాయన. ఈయనా మా పూర్వ విద్యార్థే. చినబాబు రాగానే స్కూలు ముందు రోడ్డు వైపు ఎనిమిది షాపు గదులకి ముగ్గు పోయించాడు. 216 నంబరు జాతీయ రహదారి వెడల్పు చేస్తారన్న కబురు అప్పటికే వచ్చింది, రోడ్డు పక్క సెంటు ధర పిచ్చిగా పెరిగిపోయింది. మిల్లాయన పాత సభ్యుల్ని పోగుచేసి, సమావేశం పెట్టి, తననే కరస్పాండెంటుగా ఎన్నుకున్నట్టు తీర్మానం రాయించాడు. స్కూలుని కాపాడటానికే అన్నాడు. కొంతవరకు నిజమే అయ్యుంటుంది. కానీ షాపులు వద్దని మిల్లాయన కూడా ఎక్కడా రాయలేదు. అద్దె ఎవరి ఖాతాలో పడాలన్నదే అసలు గొడవ.

మూడు నెలలు జీతాల్లేవు. మాలో ఇద్దరికి ఇంటి లోన్లున్నాయి. డ్రిల్ మాస్టారు కూతురికి సంబంధం ఖాయం చేసుకున్నారు. విద్యాశాఖ ఆఫీసుకి తిరిగాం. అక్కడున్న సూపరింటెండెంటు గారు ఫైలు మూసి చెప్పిన మాట ఇదీ: “మేష్టారూ, ఇద్దరిలో ఎవరు అసలో చెప్పే అధికారం మాకు లేదు. కోర్టు చెప్పాలి. మీ జీతం సంగతి మాత్రం ఏదైనా చూద్దాం.” చివరికి వివాదం తేలేదాకా డిప్యూటీ డీఈవో (ఉప విద్యాశాఖాధికారి) సంతకంతో బిల్లులు పెట్టుకోమని ఆర్డరు వచ్చింది. నవంబరు మొదటి వారంలో మూడు నెలల జీతం ఒకేసారి ఖాతాలో పడింది. ఎనిమిదో తేదీ రాత్రి నోట్ల రద్దు. ఏటీఎం ముందు లైన్లో నిలబడి డ్రిల్ మాస్టారు అన్న మాటలు ఇక్కడ రాయదగ్గవి కావు.

ఇక్కడితో మా టీచర్ల గొడవ తీరిపోయినట్టే. నిజానికి నేనూ అక్కడితో తప్పుకుందామనే అనుకున్నాను.

రెండు వర్గాలూ సొసైటీల రిజిస్ట్రారు దగ్గరికి వెళ్ళాయి. ఎవరికి వాళ్ళు తమ కమిటీ జాబితా ఇచ్చారు. 2001లో వచ్చిన మన సొసైటీల చట్టం ప్రకారం సర్వసభ్య సమావేశం అయిన పదిహేను రోజుల్లోగా కమిటీ జాబితా రిజిస్ట్రారుకి ఇవ్వాలి. ఏటా ఇవ్వాలి. మా వాళ్ళు ఆఖరిసారి ఇచ్చింది 2003లో. అంటే పదమూడేళ్ళపాటు, రికార్డు ప్రకారం, మా స్కూలుని నడిపింది 2003 నాటి కమిటీ. అందులో సగంమంది చనిపోయారు. రిజిస్ట్రారు గారు రెండు జాబితాలూ తీసుకుని ఫైల్లో పెట్టారు. ఏది నిజమో తేల్చే పని మాది కాదు, వచ్చింది నమోదు చేయడం వరకే అన్నారు. మిల్లాయన మండిపడ్డాడు గానీ, ఆ మాట చట్టప్రకారం సరైనదేనని తర్వాత ప్లీడరు గారు చెప్పారు.

చినబాబు హైకోర్టులో రిట్టు వేశాడు, అంటే ప్రభుత్వ అధికారుల మీద నేరుగా హైకోర్టుకే పెట్టుకునే పిటిషను. అప్పుడు ఉమ్మడి హైకోర్టు హైదరాబాదులో ఉండేది. ఏడాదిన్నర నడిచి, రెండు పేజీల ఆర్డరుతో ముగిసింది. ఎవరు సభ్యుడు, ఏ సమావేశం జరిగింది అన్నవి సాక్ష్యం మీద తేలాల్సిన విషయాలు, రిట్టులో తేలవు, సొసైటీల చట్టం 23వ సెక్షన్ కింద జిల్లా కోర్టుకి వెళ్ళండి అని. ఈ 23వ సెక్షన్ మొదటి రోజే ఎవరైనా చెప్పుంటే అంత డబ్బు, అంత కాలం మిగిలేవి. సొసైటీ సభ్యుల మధ్య గానీ, కమిటీలో గానీ తగాదా వస్తే మధ్యవర్తిత్వ చట్టం కింద పోవచ్చు, లేదా జిల్లా కోర్టులో దరఖాస్తు పెట్టుకోవచ్చు. అంతే. చిన్న సెక్షను. మా వాళ్ళు మధ్యవర్తి అనే మాటకే ఒప్పుకోలేదు, ఎందుకంటే ఇద్దరికీ నచ్చే మనిషి జిల్లాలో లేడు.

అలా 2018లో మిల్లాయన వర్గం వేసిన పిటిషను అమలాపురంలో అదనపు జిల్లా కోర్టుకి వచ్చింది. అప్పుడే నాకు కబురొచ్చింది.

కబురు చేసింది మిల్లాయన ప్లీడరు గారు. పెద్దాయన, నోట్లో తమలపాకు ఉంటేనే లా పాయింటు వస్తుంది ఆయనకి. “మాస్టారూ, మీకు గొలుసుకట్టు రాత చదవడం వచ్చటగా?” అన్నారు. వచ్చు. మా తాత కరణం దగ్గర గుమాస్తా. పాత దస్తావేజులు చదవడం చిన్నప్పుడే ఆయన దగ్గర నేర్చుకున్నాను. స్కూలు స్థలం దస్తావేజు ఎవరి దగ్గరా లేదు. 1986 వరదకి ఆఫీసు గదిలో మొలలోతు నీళ్ళొచ్చి బీరువా అడుగు అరలు నానిపోయాయి. అసలు కాగితం అందులో పోయిందని చినబాబు తండ్రి చెప్పేవారు. ఇంట్లో ఉందేమోనని మిల్లాయన అనుమానం. ఏదైతేనేం, నకలు తీయాలి.

నాకు సరదా పుట్టింది, నిజం చెప్పాలంటే. ఆ పనిలో మాత్రం నేను ఎవరి పక్షమూ కాదు.

ఒక స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్లన్నీ చూపించే ఈసీ కంప్యూటర్లో 1983 నుంచే వస్తుంది. అంతకు ముందుది కావాలంటే రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఇండెక్సు పుస్తకాలు తిరగేయాలి. ఒక ఇండెక్సు పేర్ల వారీగా, ఇంకోటి ఊరు, సర్వే నంబరు వారీగా ఉంటాయి. ఏ ఏడాదో తెలియదు కాబట్టి 1948 నుంచి మొదలుపెట్టాం. వెతికేవాడికి రోజుకింత అని కూలి. నేను పక్కన కూర్చుని చదివేవాణ్ణి. పుస్తకాలకి చెదలమందు వాసన. నాలుగో రోజు మధ్యాహ్నం దొరికింది, 1952 ఫిబ్రవరిలో. ‘ఖర నామ సంవత్సర మాఘ మాసంలో’ అని మొదలై, దాత తండ్రి పేరు, వృత్తి వ్యవసాయం, దఖలు దస్తావేజు. హద్దులు: తూర్పు పంట బోదె, పడమర రస్తా, ఉత్తరం దాత గారి సొంత కొబ్బరి తోట, దక్షిణం ఒక పేరు. విస్తీర్ణం ఎకరం 90 సెంట్లు. ‘ఊరి పిల్లల చదువు నిమిత్తము’ ఇస్తున్నట్టు, ‘ఇక మీదట నాకు గాని నా వారసులకు గాని యెట్టి హక్కును లేనట్టు’ రాసిచ్చారు. ఆ వాక్యం దగ్గర వెతికేవాడు నా మొహంలోకి చూసి, “దొరికిందాండీ?” అన్నాడు. దొరికింది ఆయ్ అన్నాను.

ప్లీడరు గారు నకలు రెండుసార్లు చదివారు. తమలపాకు ఉమ్మేసి వచ్చి మూడోసారి చదివారు. “మొత్తం స్థలం ఎంతండీ మీది?” అన్నారు. రెండెకరాల 84 సెంట్లు అన్నాను, స్కూల్లో అందరూ చెప్పే లెక్క. “ఇందులో ఎకరం 90 ఉంది. మిగతా 94 సెంట్లు ఏవి?”

ఆ 94 సెంట్లు ఆటస్థలం. రోడ్డు పక్కదే. దస్తావేజులో ఉత్తరాన దాత గారి సొంత కొబ్బరి తోట అని రాసింది ఆ ముక్క గురించే. తర్వాతెప్పుడో దాత గారు చెట్లు కొట్టించి, “ఇది కూడా పిల్లలకే” అన్నారట. ఊళ్ళో అందరికీ తెలుసు. కాగితం మాత్రం లేదు. స్థిరాస్తి దానం రిజిస్టరు కాకపోతే చెల్లదు, ఎంత పెద్దమనిషి నోటితో ఇచ్చినా సరే. ప్రభుత్వ భూరికార్డుల సైటు మీభూమిలో 1-బి, అంటే హక్కుదారుల రికార్డు, తీస్తే ఆ ముక్క ఇప్పటికీ దాత కుటుంబం పేరు మీదే చూపిస్తోంది. ముగ్గు పోసిన ఎనిమిది షాపులూ సరిగ్గా ఆ 94 సెంట్ల లోపలే ఉన్నాయి. చినబాబుకి ఈ సంగతి మొదటినుంచీ తెలుసునని అప్పుడు అర్థమైంది నాకు. వాళ్ళ నాన్నకి తెలుసా అన్నది మాత్రం ఇప్పటికీ తెలియదు.

“మరి మా గతేంటండీ?” అన్నాను. అప్పటికే ‘మా’ అనేశాను.

“చెల్లని దానమైనా సరే, దాన్ని పట్టుకుని పన్నెండేళ్ళు దాటి సొంతంలాగా అనుభవించాం, కాబట్టి హక్కు వచ్చింది అని వాదిస్తాం. వాళ్ళు, మేం ఆడుకోనిచ్చాం గానీ ఇచ్చెయ్యలేదు అంటారు. రెండిటి మధ్యా మీ గోడ ఎప్పుడు కట్టారు, ఎవరి డబ్బుతో కట్టారు, ఆ లెక్కలున్నాయా అన్నదాన్ని బట్టి ఉంటుంది.” గోడ తుపాను తర్వాత 1998లో చందాలతో కట్టాం. చందా రసీదు పుస్తకాలు డ్రిల్ మాస్టారు ఇంట్లో అటక మీద ఉన్నాయి. ఎందుకు దాచావయ్యా అంటే, వెనకవైపు ఖాళీ కాగితం బావుంది, పిల్లలు బొమ్మలు వేసుకుంటారని అన్నాడు.

2019 ఫిబ్రవరిలో అడ్వకేట్ కమిషనరు గారు వచ్చారు. షాపుల పని ఆపమని మధ్యంతర ఉత్తర్వు అడిగితే, ముందు ఉన్నది ఉన్నట్టు నమోదు చేసి రమ్మని కోర్టు ఆయన్ని పంపింది. కుర్రాడు, తెల్ల చొక్కా, చేతిలో టేపు. రెండు వర్గాల ప్లీడర్లు, సర్వేయరు, ఊళ్ళో సగంమంది వెనకాలే. గదులు లెక్కపెట్టారు, బల్లలు లెక్కపెట్టారు, ల్యాబులో పగిలిన బీకర్లతో సహా రాశారు. తర్వాత కొబ్బరి చెట్ల దగ్గరికి వచ్చింది. కొబ్బరికాయల దింపు డబ్బు ఎవరు తీసుకుంటున్నారన్నది పిటిషన్లో ఒక ఆరోపణ. నెలన్నరకో రెండు నెలలకో దింపు, ఏడాదికి ఎంతో కొంత సొమ్మే. కమిషనరు గారు అరవై మూడు అని రాయబోతే చినబాబు ప్లీడరు, అందులో నాలుగు చెట్లు ఆటస్థలంలో ఉన్నాయి కాబట్టి స్కూలువి కావన్నాడు. మిల్లాయన ప్లీడరు, రెండు చెట్లు మొవ్వు కుళ్ళి చచ్చిపోయాయి, వాటిని లెక్కలోకి తీసుకోకండి, తర్వాత మా మీద పడుతుంది అన్నారు. అరగంట వాదన. మా స్కూలు అటెండరు ఆ అరగంటలో చెట్టెక్కి అందరికీ బొండాలు దించాడు. అవి స్కూలు చెట్టువా, చినబాబు చెట్టువా అని ఎవరూ అడగలేదు. రిపోర్టులో ‘బొండాలు 14’ అని కూడా లేదు, నేను చూశాను.

ఆ రిపోర్టు మీద షాపుల పని ఆపమని ఉత్తర్వు వచ్చింది. అప్పటికే మూడు గదులకి శ్లాబు పడింది. అద్దెకిచ్చేశారు కూడా, అందరూ రాసుకునే పదకొండు నెలల అగ్రిమెంటుతో.  ఎయిడెడ్ స్కూలు ఆస్తిని విద్యాశాఖ అనుమతి లేకుండా పరాధీనం చేయకూడదని 1982 విద్యా చట్టంలో ఉంది కదా అని ప్లీడరు గారిని అడిగాను. “అది స్కూలు ఆస్తి అని తేలితే కదండీ” అన్నారు. ఆ మూడు గదుల్లో ఒకటి సెల్‌ఫోన్ రిపేరు, ఒకటి కర్రీ పాయింటు, ఒకటి మీసేవ. మా స్టాఫ్ అందరం ఆ కర్రీ పాయింటులోనే సాంబారు కొనుక్కునేవాళ్ళం.

2019 జూన్‌లో రిటైరయ్యాను. ఆ ఏడాదే చినబాబు ఆటస్థలం తనదేనని వేరే దావా వేశాడు. మరుసటేడు కరోనా. కోర్టులో వాయిదా తారీఖులు ఫోన్లో కనిపించేవి, మనుషులు కనిపించేవారు కాదు.

2021 ఆగస్టులో ఎయిడెడ్ సంస్థల మీద రాష్ట్ర ప్రభుత్వం ఉత్తర్వులిచ్చింది. ఆస్తులతో సహా సంస్థనే అప్పగించండి, లేదా ఎయిడెడ్ సిబ్బందిని అప్పగించి ప్రైవేటుగా నడుపుకోండి అని. యాజమాన్యాలు అంగీకార పత్రం ఇవ్వాలి. రాష్ట్రమంతా తల్లిదండ్రులూ విద్యార్థులూ రోడ్డెక్కారు. సెప్టెంబరు 27న సుప్రీంకోర్టు ఉత్తరప్రదేశ్ కేసులో, గ్రాంటు పొందడం ప్రాథమిక హక్కు కాదంది. నవంబరులో మన ప్రభుత్వం కొంచెం వెనక్కి తగ్గి, ఇచ్చిన అంగీకారం వెనక్కి తీసుకోవచ్చు, ఎయిడెడ్‌గానే కొనసాగవచ్చు కూడా అని నాలుగు ఆప్షన్లు ఇచ్చింది. మిగతా ఊళ్ళలో యాజమాన్యాలు ఆ నాలుగిట్లో ఏది ఎంచుకోవాలో తలలు పట్టుకున్నాయి. మా ఊళ్ళో ఎంచుకోవడానికి ఎవరికి హక్కుందో తెలియదు. అయినా ఇద్దరూ ఉత్తరాలిచ్చారు. సిబ్బందిని పంపేస్తామని చినబాబు, ఎయిడెడ్‌గా ఉంటామని మిల్లాయన. అవే రెండు సీళ్ళు. ఆస్తి విషయంలో ఎవరూ ఏ సంతకమూ పెట్టకుండా యథాతథ స్థితి ఉంచమని కోర్టు చెప్పడంతో ఆ గండం గడిచింది. కానీ ఉన్న ముగ్గురు ఎయిడెడ్ టీచర్లలో ఇద్దరు అవకాశం రాగానే ప్రభుత్వ బడికి వెళ్ళిపోయారు. వాళ్ళని తప్పుపట్టను. ఖాళీ అయిన పోస్టులు అప్పటికి ఎలాగూ నింపడం లేదు. నేను చేరినప్పుడు ఆరువందల మంది పిల్లలున్న బడి, ఆ ఏడాది తొంభై దాటలేదు. ఊళ్ళోకి పసుపు బస్సులు మూడు వస్తున్నాయి.

ఇప్పుడు నేను ఇంతసేపూ దాటేసిన సంగతి.

చినబాబు కేసంతా ఒక తీర్మానం మీద నిలబడింది. 2009 జూన్ 14న కమిటీ సమావేశమై, కరస్పాండెంట్ పదవి దాత కుటుంబంలోనే ఉండాలని ఏకగ్రీవంగా తీర్మానించింది అని. మినిట్స్ బుక్కులో పదకొండు సంతకాలు. ఎనిమిదోది నాది. అప్పుడు స్టాఫ్ తరఫున కమిటీలో నా పేరుండేది.

ఆ సంతకం నాదే. ఎలా పెట్టానో కూడా గుర్తుంది. స్టాఫ్ రూములో ఉండగా అటెండరు పుస్తకం తెచ్చి, “అయ్యగారు సంతకం పెట్టమన్నారండి” అన్నాడు. పేజీ ఖాళీగా ఉంది, కింద వరసగా కొన్ని సంతకాలున్నాయి. పెట్టేశాను. అదొక్కటే కాదు, ఏడాదికి రెండు మూడుసార్లు అలా పెట్టేవాణ్ణి. హెడ్మాస్టారూ పెట్టేవారు. గ్రాంటుకి కావాలనో, బ్యాంకుకి కావాలనో అనుకునేవాళ్ళం. అసలు అనుకునేవాళ్ళం కూడా కాదు.

ప్లీడరు గారికి చెబితే చాలాసేపు మాట్లాడలేదు. “వాళ్ళు మిమ్మల్ని ఎలాగూ అడుగుతారు. మనమే సాక్షిగా పెడితే ముందు మీరే చెప్పినట్టుంటుంది” అన్నారు. ఇంట్లో చెప్పాను. మా ఆవిడ, “పెన్షనేమైనా ఆగుతుందా?” అని అడిగింది. ఆగదన్నాను. ఆగదని నాకూ గట్టిగా తెలియదు. ఆ టెన్షన్‌తో వారం రోజులు నిద్ర పట్టలేదు.

2022 నవంబరులో నా క్రాస్, అంటే అవతలి ప్లీడరు నన్ను ప్రశ్నలడగడం. నా సాక్ష్యం రాతపూర్వకంగా, చీఫ్ అఫిడవిట్‌గా, ముందే ఇచ్చాం, అందులో ఆ రోజు సమావేశం జరగలేదని రాశాను. చినబాబు ప్లీడరు కుర్రవాడు, మర్యాదస్తుడు.

“ఈ సంతకం మీదేనా?”

“నాదేనండి.”

“సంతకం పెట్టేముందు చదవకుండా పెడతారా మీరు? పిల్లలకి అలాగే చెబుతారా?”

రెండో ప్రశ్నకి మా ప్లీడరు గారు లేచారు. జడ్జి గారు చెయ్యి అడ్డంపెట్టి నన్నే చూశారు. “చదవడానికి అందులో ఏమీ లేదండి, ఖాళీ పేజీ” అన్నాను.

“అంటే ఖాళీ కాగితం మీద సంతకం పెట్టానని ఒప్పుకుంటున్నారు.”

“ఒప్పుకుంటున్నానండి.”

“ఆ రోజు సమావేశం జరగలేదని మీకెలా తెలుసు? మీరు రాకపోతే జరగనట్టేనా?”

జూన్ 14, 2009 ఆదివారం. ఆ రోజు నేను ఊళ్ళోనే లేను, మా తోడల్లుడి గృహప్రవేశానికి తణుకు వెళ్ళాం. శుభలేఖ తారీఖుతో సహా మా ఆవిడ పెట్టెలో ఉంది, అది కోర్టులో ఎగ్జిబిటుగా వేశాం. నా జీవితంలో మా ఆవిడ ఏదీ పారేయనందుకు సంతోషించింది ఆ ఒక్కసారే. “సమావేశం జరిగిందో లేదో కాదండి, నేను హాజరైనట్టు రాసుంది, నేను హాజరు కాలేదు” అన్నాను. ఆ మాట టైపు చేయించాక జడ్జి గారు తలెత్తకుండా, “మీలాంటి సంతకాలు ఇంకెన్ని ఉన్నాయి మాస్టారూ ఈ పుస్తకంలో?” అని అడిగారు. లెక్క తెలియదన్నాను. అది కూడా టైపు చేయించారు.

బయటికొచ్చి చెట్టు కింద టీ తాగుతుంటే చినబాబు ఎదురొచ్చాడు. తిడతాడనుకున్నాను. “నాన్నగారు పోయిన ఏడాది మీరు సరే బాబూ అన్నారు మాస్టారూ” అన్నాడు. అంతే, కారెక్కి వెళ్ళిపోయాడు. ఆ మాటకి నా దగ్గర జవాబు లేదు. ఉన్నా, టీ కొట్టు దగ్గర చెప్పేది కాదు.

2023 డిసెంబరులో తీర్పు. 2009 తీర్మానం చెల్లదు. మిల్లాయన్ని ఎన్నుకున్న సమావేశమూ చెల్లదు. నోటీసులు అందరు సభ్యులకీ వెళ్ళలేదు, నలుగురు సభ్యులు కానివాళ్ళు ఓటేశారు. మా ప్లీడరు గారు నన్ను అడక్కుండా ఇంటికి తీసుకెళ్ళి కాఫీ ఇచ్చారు, ఓడిపోయామో గెలిచామో ఆయనకీ తెలియలేదు. 2003లో రిజిస్ట్రారుకి ఇచ్చిన సభ్యుల పట్టికే ప్రామాణికం, బతికున్నవాళ్ళకి రిజిస్టరు పోస్టులో నోటీసులిచ్చి, కోర్టు నియమించిన ఒక రిటైర్డ్ న్యాయాధికారి ఆధ్వర్యంలో మూడు నెలల్లో ఎన్నిక జరపాలి. ఆటస్థలం హక్కు సంగతి ఈ పిటిషన్లో తేల్చం, దానికి వేరే దావా ఉంది కాబట్టి అక్కడే తేలుతుంది. ఆ దావా ఇంకా నడుస్తోంది. చందా రసీదు పుస్తకాలు ఇప్పుడు అక్కడ ఎగ్జిబిట్లు. ఒకదాని వెనక డ్రిల్ మాస్టారు మనవడు వేసిన ఏనుగు బొమ్మ ఉంది.

పట్టికలో నలభై ఒక్క పేర్లు. బతికున్నవాళ్ళు పదిహేడు మంది. నోటీసులు అందింది పదిహేను మందికి, 2024 మార్చిలో ఎన్నికకి వచ్చింది పదకొండు మంది. ఒకాయన్ని రాజమండ్రి నుంచి కొడుకు కారులో తెచ్చి, కుర్చీతో సహా ఎత్తుకుని గదిలో దించాడు. ఆయన కాసేపు గది చుట్టూ చూసి, “ఆ కిటికీ నేనిచ్చిందే” అన్నారు. కమిటీలోకి మిల్లాయనా వచ్చాడు, చినబాబు మేనత్తా వచ్చారు. కరస్పాండెంటుగా మాత్రం ఎవరూ అనుకోని మనిషిని ఎన్నుకున్నారు, పోస్టాఫీసులో పనిచేసి రిటైరైన ఒక పెద్దమ్మగారు. ఆవిడ మా స్కూల్లో చదివిన మొదటి బ్యాచి ఆడపిల్లల్లో ఒకరు. ఆవిడ అడిగిన మొదటి ప్రశ్న, పాత సీళ్ళు రెండూ ఎక్కడున్నాయని.

సమావేశం మినిట్స్ రాయమని నన్ను కూర్చోబెట్టారు. నేను సభ్యుణ్ణి కాదు, చేతిరాత బావుంటుందని. కొత్త పుస్తకం, ప్రతి పేజీకీ నంబరు వేసి తెచ్చారు ఆవిడ. మూడు గంటలకి మొదలైంది. ఒక సభ్యుడు, నాకు చిన్నప్పటి స్నేహితుడు, నాలుగున్నరకి వచ్చాడు. రావులపాలెంలో బస్సు తప్పిందట. మినిట్స్ చదివి వినిపిస్తుంటే, “నన్ను మొదటినుంచీ ఉన్నట్టు రాసెయ్యరా, ఏం పోయింది” అన్నాడు.

నాలుగున్నరకి వచ్చినట్టు రాశాను. వాడు నాతో ఇప్పటికీ మాట్లాడటం లేదు.